గుడుపల్లె బోరులో బదులు

మదనపల్లెలో మిషన్ ఆసుపత్రి వెనకున్న క్వార్టర్సులో చివరి ఇల్లు కరుణాకర్‌ది. ఊళ్ళో అతన్ని సినిమా కరుణాకర్ అంటారు. తెర మీద కనిపించినవాడేమీ కాదు. మిషన్ వాళ్ళ పాత ప్రొజెక్టరును జీపులో వేసుకుని బడి బడికీ తిరిగి చిన్న చిన్న సినిమాలు చూపించడం అతని ఉద్యోగం. చేతులు కడుక్కోవడం మీద ఒకటి, దోమల మీద ఒకటి, పాము కాటు మీద ఒకటి. దోమల సినిమాకు పిల్లలు ఆవులించేవాళ్ళు. పాము సినిమాకు కాళ్ళు బెంచీల మీదికి తీసుకునేవాళ్ళు. అవన్నీ అయిపోయాక మాత్రం ఏ బడిలోనైనా ఒకటే గోల, ఉపాయాల సినిమా వేయమని.

అదొక పాత నలుపు తెలుపు సినిమా. మహా ఉంటే ఇరవై నిమిషాలు. యాభై ఏళ్ళ కిందటి పెద్ద యుద్ధంలో మామూలు మనుషులు చేతికి దొరికిన సామానుతోనే ఎన్నెన్ని ఉపాయాలు కనిపెట్టారో గొప్పగా చెప్పే సినిమా. గుడ్డతో కుట్టి గాలి ఊదిన టాంకులు, అవి నిజమైనవనుకుని బాంబులన్నీ వాటిమీదే పారబోసుకుని పోయే విమానాలు. కాలికి చీటీ కట్టించుకుని పొగలోంచి ఎగిరే పావురాలు. సైకిలు తొక్కితే పలికే రేడియో. పెట్రోలు లేక బొగ్గు పొయ్యి వీపున కట్టుకుని నడిచే బస్సు. ఆ బస్సు తెర మీదికి రాగానే పుంగనూరు వైపు ముసలి అయ్యవార్లు కళ్ళద్దాలు సర్దుకుని, మా చిన్నప్పుడు మదనపల్లె రోడ్డులో అచ్చం ఇట్లాంటిదే తిరిగేదని తప్పకుండా చెప్పేవాళ్ళు. కరుణాకర్ ప్రతిసారీ అప్పుడే మొదటిసారి వింటున్నట్టు తలూపేవాడు.

అందులో మాటలన్నీ ఇంగ్లీషు. ఆ గొంతు గుక్క తిప్పుకోకుండా వాగుతూనే ఉండేది. కరుణాకర్ సౌండు బాగా తగ్గించి, ప్రొజెక్టరు పక్కన నిలబడి తానే తెలుగులో చెప్పేవాడు. అర్థమైనంత చెప్పి, కానిది సొంతంగా కల్పించేవాడు. అతని కల్పనే బాగుండేదని అయ్యవార్లు అనేవాళ్ళు.

చిట్టచివర వచ్చేది చెవిగొట్టం. బాంబు పడి ఇళ్ళు కూలిపోయి ఉంటాయి. టోపీలు పెట్టుకున్న మనుషులు, అందరూ నోళ్ళు మూసుకోవాలని చెయ్యెత్తుతారు. వాళ్ళలో ఒకడు రేకు గరాటుకు రబ్బరు గొట్టం తగిలించి, గరాటును ఇటుకల గుట్ట మీద బోర్లించి, గొట్టం కొస చెవిలో పెట్టుకుంటాడు. రాయితో మూడుసార్లు తడతాడు. ఆగుతాడు. అతని మొహం విప్పారుతుంది. వెంటనే తవ్వుతారు. దుమ్ము కొట్టుకుపోయిన ఒక చిన్నపిల్లను పైకి తీస్తారు. ఆ పిల్ల ఎండకు కళ్ళు చికిలించి నవ్వుతుంది. సరిగ్గా అక్కడ కరుణాకర్ గొంతు పెంచి, "తట్టినారు, బదులొచ్చింది. బదులొచ్చిందంటే ప్రాణం ఉండాదని అర్థం" అనేవాడు. చప్పట్లతో గది మారుమోగిపోయేది.

నిజానికి వినడానికీ తవ్వడానికీ మధ్య ఇంకొక ముక్క ఉండేది. అందులో ఆ మనుషులు ఒకచోట విని, లేచి, ఇంకోచోటికి పోయి మళ్ళీ వింటారు. ఆ భాగం వచ్చేసరికి పిల్లలు కదలడం, గిల్లుకోవడం మొదలుపెట్టేవాళ్ళు. ఒకసారి రీలు సరిగ్గా అక్కడే తెగింది. అతికించేటప్పుడు కరుణాకర్ ఆ ముక్క మొత్తం కత్తిరించేశాడు. అప్పటినుంచి సినిమా చకచకా నడిచేది, చప్పట్లు ఇంకా గట్టిగా పడేవి. కత్తిరించిన ముక్కలు పారేసే అలవాటు అతనికి లేదు. బిస్కెట్ల డబ్బాలో వేసి అటకెక్కించాడు.

పిల్లల సరదా చూసి తానే ఒక చెవిగొట్టం తయారుచేశాడు. కిరసనాయిలు పోసే పెద్ద గరాటు, విరిగిన స్టెతస్కోపులోంచి తీసిన చెవి ముక్క, వాటి మధ్య పొడుగాటి రబ్బరు గొట్టం. గొట్టం తెచ్చిచ్చింది అతని భార్య రాహేలు. ఆమె ఆ ఆసుపత్రిలోనే నర్సు. వాళ్ళకు ఒక్కతే కూతురు షైలజ, రెండో తరగతి. బడి లేని శనివారాల్లో నాయనతో పాటు జీపెక్కేది. ఆటలో ఆమెకూ ఒక పని ఉండేది. సినిమా అయ్యాక బయటికి పోయి గోడ అవతలనుంచి తట్టాలి. లోపల ఎవరో ఒక పిల్ల గరాటును గోడకు ఆనించి విని, ఎన్నిసార్లు తట్టిందో చెప్పాలి.

షైలజ తట్టినట్టు ఇంకెవరూ తట్టలేరు. కుడిచేతికి వాళ్ళ అవ్వ తొడిగిన గాజు బాగా వదులు. రెండుసార్లు తట్టేసరికి అది వేళ్ళమీదికి జారేది. దాన్ని పైకి తోసుకుని అప్పుడు మూడోసారి తట్టేది. టక్ టక్... టక్. ఇంటి తలుపు దగ్గరైనా అంతే. రాహేలు వంటింట్లోంచే, "గాజు సర్దుకున్నావా తల్లీ" అంటూ వచ్చి తలుపు తీసేది.

తొంభై తొమ్మిదో సంవత్సరం, వానలు మొహం చాటేసిన ఆగస్టు నెల. ఆ శనివారం గుడుపల్లె దాటాక ఒక పల్లె బడిలో సినిమా. తండ్రీ కూతుళ్ళు తెల్లారకముందే బయల్దేరి పుంగనూరు బస్టాండులో ఇడ్లీ తిన్నారు. షైలజ రెండు తిని మూడోది నాయన ప్లేటులోకి తోసింది. కుప్పం చేరేసరికి ఎండ మండిపోతోంది. జీపులో గరాటు ఒళ్ళో పెట్టుకుని, దాంట్లోంచి రోడ్డును చూస్తూ కూర్చుంది.

బడి పెద్ద టీచరు మాలతి ఏర్పాట్లన్నీ చేసి పెట్టింది. కిటికీలకు దుప్పట్లు కట్టించింది, తలుపు సందుల్లో గోనెలు కుక్కించింది. బయట మిట్టమధ్యాహ్నం, లోపల కన్ను పొడుచుకున్నా కనబడని చీకటి. చెమట వాసన, ముక్కిపోయిన దుప్పట్ల వాసన, బల్బు వేడికి దుమ్ము కాలుతున్న వాసన. రీలు కిరకిరమంటూ తిరుగుతోంది. టాంకులు వచ్చాయి, పావురాలు వచ్చాయి, బొగ్గు బస్సు వచ్చింది. చెవిగొట్టం వచ్చే ముందు షైలజ అలవాటు ప్రకారం చీకట్లోనే తడుముకుంటూ బయటికి పోయింది. తలుపు తెరిచినప్పుడు పడిన వెలుగులో కరుణాకర్‌కు ఆమె వీపు, రెండు జడలు కనిపించాయి. తలుపు మళ్ళీ మూసుకుంది.

చప్పట్లు అయిపోయాయి. కరుణాకర్ ఇంకా దీపం వేయలేదు. చీకట్లో అయితేనే ఆట రక్తి కడుతుంది.

"ఇప్పుడు మా పాప బయటనుంచి తడుతుంది. మాట్లాడకుండా ఇనండి."

అంబిక అనే ఐదో తరగతి పిల్లకు గరాటు ఇచ్చాడు. ఆ పిల్లకు తెలియక దాన్ని గోడకు ఆనించకుండా నేలమీద బోర్లించింది. అట్లా కాదమ్మా అని చెప్పబోయేలోపలే ఆమె గుసగుసగా అంది.

"ఇనబడతాండాది సార్."

"ఎన్నిసార్లు?"

"మూడు."

పిల్లలు మళ్ళీ చప్పట్లు కొట్టారు. కరుణాకర్ సరదాగా గొట్టం తీసుకుని తన చెవిలో పెట్టుకున్నాడు. టక్. టక్. టక్. మూడూ ఒకే ఎడంతో ఉన్నాయి. మధ్యలో గాజు సర్దుకునే ఆలస్యం లేదు. చప్పుడు కూడా చిన్నపిల్ల మెటికలది కాదు, బరువుగా ఉంది. గాజు ఎక్కడో పారేసుకున్నట్టుంది, వాళ్ళమ్మ నన్ను తిడుతుంది అనుకుని నవ్వుకున్నాడు. దీపం వేసి రీలు వెనక్కి చుట్టడం మొదలుపెట్టాడు.

రీలు చుట్టాడు. తెర మడిచాడు. మాలతి తెప్పించిన టీ సగం తాగాక, కూతురు ఇంకా లోపలికి రాలేదని గుర్తొచ్చింది.

బడి వెనక హనుమంతు అనే రైతు చేను. వేరుశనగ ఎండి నేలకు అంటుకుపోయి ఉంది. గోడకు నాలుగు బారల దూరంలో నేలలో ఒక గుండ్రటి రంధ్రం, చుట్టూ బోరు దుమ్ము. రంధ్రం పక్కన షైలజ నీలం చెప్పు ఒకటుంది. జారిపడినట్టు తిరగబడి లేదు. ఎవరో విప్పి, తిన్నగా పెట్టినట్టుంది.

కరుణాకర్‌కు తను ఏమని అరిచాడో తెలియదు. ఆ అరుపుకు హనుమంతు చేనుకు అవతలినుంచి పరుగెత్తుకొచ్చాడు. రంధ్రం చూసి నెత్తిన చేతులు పెట్టుకున్నాడు. అతను ఆ చేలో రెండు బోర్లు వేయించాడు. టెంకాయ అరచేతిలో పెట్టుకుని నీళ్ళు చూసేవాడు ఎక్కడ చూపిస్తే అక్కడే వేయించాడు. రెండింట్లోనూ దుమ్ము తప్ప చుక్క రాలేదు. నీళ్ళు పడని గుంతలో కేసింగు పైపు దండగ గదా అని, ఆ సీమలో అందరూ చేసే పనే అతనూ చేశాడు. పైపులు పీకించి, గుంతల మీద గోనెసంచి పరిచి, కంప వేసి, మట్టి కప్పాడు.

"మూసే ఉండాది సారూ. పొద్దున గూడా సూసినా, మూసే ఉండాది. ఎవరు తీసినారో నాకు తెలీదు" అన్నాడు హనుమంతు.

పిలిచారు. లోపలినుంచి మాట రాలేదు. టార్చి వేశారు. గుంత కాస్త దిగాక వంకర తిరిగింది, వెలుగు అక్కడితో ఆగిపోయింది. ఎన్నడూ నీళ్ళు పడని ఆ గుంతలోంచి తడి మట్టి వాసన వచ్చింది.

"రెండో బోరు యాడుండాదప్పా? అదీ ఒకసారి చూస్తే మంచిది గదా" అంది మాలతి.

"ఆ గట్టు కాడమ్మా. అది భద్రంగా ఉండాది, పైన మొక్కలు గూడా మొలిచినాయి."

కరుణాకర్ అప్పటికే గరాటును గుంత మీద బోర్లించి, గొట్టం చెవిలో పెట్టుకున్నాడు. రాయి తీసుకుని గుంత అంచున ఉన్న బండమీద మూడుసార్లు తట్టాడు. ఒక్క క్షణం ఏమీ లేదు. ఆ తర్వాత కిందినుంచి మూడుసార్లు బదులొచ్చింది.

"ఈడే ఉండాది. బతికే ఉండాది" అని ఏడుస్తూ నవ్వాడు. చుట్టూ ఉన్నవాళ్ళందరూ దేవుళ్ళకు దండం పెట్టుకున్నారు. గట్టు వైపు ఎవరూ పోలేదు. బదులొచ్చాక ఇంకోచోట వెతికే పిచ్చివాడెవరు?

కుప్పం చుట్టూ రాతి క్వారీలు. గంట తిరక్కముందే ఒక క్వారీనుంచి తవ్వే యంత్రం, కంప్రెసరు, బండ పగలగొట్టే మనుషులు వచ్చారు. బోరు పక్కనే గొయ్యి దింపి, లోతుకు పోయాక అడ్డంగా కన్నం వేసి పిల్లను అందుకోవాలని మేస్త్రీ చెప్పాడు. మాలతి గుడుపల్లెకు పోయి మదనపల్లె ఆసుపత్రికి ఫోన్ చేసి వచ్చింది. కంప్రెసరు మొదలైంది. ఆ హోరులో పక్కన నిలబడినవాడి మాట కూడా వినబడలేదు.

యంత్రం ఆగినప్పుడల్లా కరుణాకర్ గరాటు మీదికి వంగేవాడు. పిల్ల ఒంటరిగా భయపడుతుందని అతనికి ఒకటే దిగులు. అందుకని కొత్త ఉపాయం ఒకటి ఆలోచించాడు. గుంతలోకి నోరు పెట్టి అరిచాడు.

"పాపా, ఔనంటే ఒకసారి కొట్టు, కాదంటే రెండుసార్లు కొట్టు. నువ్వేనా తల్లీ?"

టక్.

"దెబ్బలు తగిలినాయా?"

టక్. టక్.

"నాయన వచ్చేదాకా ఉంటావా?"

టక్.

ఆ ఒక్క చప్పుడుకు అతని గుండె నిండిపోయింది. అంత బాధలోనూ ఒకటి మాత్రం మనసులో ముల్లులా కదిలింది. ఏ బదులులోనూ గాజు లేదు. ఎంత అడిగినా అదే ఎడం, అదే బరువు. చెయ్యి ఇరుక్కుని ఉంటుంది, రాయితో కొడుతూ ఉంటుంది అని తనకు తానే చెప్పుకున్నాడు.

పొద్దు గుంకింది. పెట్రోమాక్సు దీపాలు వెలిగించారు. ఎప్పుడో డీజిలు అయిపోయి కంప్రెసరు ఆగింది. చేను ఒక్కసారిగా నిశ్శబ్దమైపోయింది. అప్పుడు, గొట్టం చెవిలో లేకుండానే, కరుణాకర్‌కు ఒక చప్పుడు వినబడింది. చాలా సన్నగా... దూరంగా... గట్టు వైపునుంచి.

టక్ టక్... టక్.

అతను లేచి నిలబడ్డాడు.

"ఇన్నావా?" అన్నాడు హనుమంతుతో, గొంతు తగ్గించి.

"ఏమి సారూ?"

"ఆ పక్క. ఎవరో తడతాండారు."

"ఈ కొట్టుడే ఆ పక్కకు మోగతా ఉంటాది సారూ. కిందంతా ఒకటే బండ."

కరుణాకర్ గొట్టం చేతిలో పట్టుకుని గట్టు వైపు రెండడుగులు వేశాడు. వెనకనుంచి చప్పుడు మొదలైంది. అతను తట్టలేదు. ఎవరూ తట్టలేదు. అయినా మొదటి బోరులోంచి వస్తోంది. టక్. టక్. టక్. ఆగింది. టక్. టక్. టక్. ఈసారి గరాటు అక్కర్లేకుండానే అందరికీ వినబడింది. తొందరగా... ఇంకా తొందరగా... పోవద్దని బతిమాలుతున్నట్టు.

అతను వెనక్కి పరుగెత్తి గుంత మీద పడ్డాడు.

"షైలూ... నువ్వేనా అమ్మా?"

టక్.

డీజిలు వచ్చింది. కంప్రెసరు మళ్ళీ మొదలైంది. కరుణాకర్ తెల్లవార్లూ ఆ గుంత దగ్గరనుంచి కదల్లేదు.

తూరుపు తెల్లబడుతుండగా గొయ్యిలోని మనుషులు అడ్డంగా కన్నం వేసి బోరును చేరారు. మేస్త్రీ చెయ్యి లోపల పెట్టి తడిమాడు. దీపం పెట్టి పైకి చూశాడు, కిందికి చూశాడు. ఎవరూ లేరు. రాతి గోడ నున్నగా, పొడిగా ఉంది. అతను అక్కడే కూర్చుని ఏమి చేయాలో తోచక సుత్తితో బండమీద ఊరికే మూడు దెబ్బలు వేశాడు. అతని అరికాళ్ళ కిందినుంచి బదులొచ్చింది. మేస్త్రీ నిచ్చెనెక్కి పైకి వచ్చేశాడు. ఎవరేమి అడిగినా జవాబు చెప్పకుండా తన మనుషుల్ని పిలుచుకుని క్వారీకి పోయే దారి పట్టాడు. మళ్ళీ ఆ గొయ్యిలోకి దిగలేదు.

అప్పుడు చూశారు, హనుమంతు గట్టు దగ్గర కూలబడి ఉన్నాడు. పిలిస్తే పలకలేదు, చేత్తో చూపించాడు. రెండో బోరు మీద గోనె లోపలికి కుంగి ఉంది. దాని మీద మొలిచిన గడ్డి మాత్రం పైనే, పక్కకు ఒరిగి, చూసేవాళ్ళకు ఏమీ తెలియకుండా ఉంది.

షైలజ పెద్ద లోతులో లేదు. రెండు నిలువుల కిందే ఇరుక్కుని ఉంది. తాడూ కొక్కెమూ ఉంటే మధ్యాహ్నమే తీసేవాళ్ళు. పైకి తీసేసరికి ఒళ్ళు ఇంకా వెచ్చగానే ఉంది, ఊపిరి మాత్రం లేదు. కుడిచేతి మెటికల మీద చర్మం లేదు. గాజు చెక్కుచెదరకుండా అట్లాగే ఉంది.

రాహేలు రాత్రంతా దొరికిన బస్సూ లారీ పట్టుకుని అప్పుడే వచ్చి చేరింది. ఆమె ఏడవలేదు. కూతురి మణికట్టు పట్టుకుని, ఆసుపత్రిలో రోగుల నాడి చూసినట్టు పెదవులు కదుపుతూ లెక్కపెడుతూ కూర్చుంది. ఎంతసేపటికీ వదల్లేదు. ఇద్దరు ఆడవాళ్ళు పట్టి విడిపించాల్సి వచ్చింది.

మదనపల్లె సమాధుల తోటలో పూడ్చారు. గాజు తీయొద్దని రాహేలు చెప్పింది. పల్లెలో జనం రెండు బోర్లనూ గొయ్యినీ రాళ్ళతో, మట్టితో నింపి, ఒక్కోదాని మీద క్వారీనుంచి తెచ్చిన నల్లరాతి పలక వేశారు. హనుమంతు ఆ చేను బీడు పెట్టేశాడు.

నెల దాటాక ఒక పగలు కరుణాకర్ అటక మీది బిస్కెట్ల డబ్బా దించాడు. ఎందుకు దించాడంటే చెప్పలేడు. కత్తిరించిన ముక్కను ప్రొజెక్టరుకు ఎక్కించి, గది గోడమీదే వేసుకుని చూశాడు. గుక్క తిప్పుకోని ఆ ఇంగ్లీషు గొంతు ఈ ముక్కలో లేదు. సౌండు ఎంత పెంచినా రీలు గరగర తప్ప మాట లేదు. టోపీ మనిషి ఇటుకల మీద గరాటు బోర్లించి తడతాడు. వింటాడు. బదులొచ్చినట్టు అతని కళ్ళే చెబుతున్నాయి. కానీ మొహం విప్పారదు, పాలిపోతుంది. గబుక్కున గొట్టం చెవిలోంచి లాగేస్తాడు. పక్కవాడు సుద్దముక్కతో ఆ ఇటుకల మీద పెద్ద ఇంటూ మార్కు గీస్తాడు. అందరూ వెనక్కి చూడకుండా ఇంకోచోటికి పోతారు.

ఎన్ని బడుల్లో వేశాడో ఆ సినిమా. ఆ మొహాన్ని ఎన్నిసార్లు చూశాడో. పిల్లలకు విసుగొస్తుందని తీసేశాడు. కరుణాకర్ ఆ గోడముందు కూర్చుని తల బాదుకున్నాడు.

వెనక తలుపు దగ్గర రాహేలు నిలబడి ఉంది. ఎప్పుడు వచ్చిందో.

"ఆ పొద్దు నువ్వు ఇన్నదేమో నాకూ ఇనిపించప్పా" అంది.

"వొద్దు రాహేలూ."

"నా బిడ్డ ఆడ తడతా ఉంటే, దాన్ని ఇడిసిపెట్టి ఈడ నువ్వు ఏమి ఇన్నావో నేను ఇనాల."

మరుసటి రోజు ఇద్దరూ గరాటు తీసుకుని బస్సులో ఆ పల్లెకు పోయారు. పుంగనూరు బస్టాండులో బస్సు ఆగినప్పుడు కరుణాకర్ ఇడ్లీ అంగడి వైపు చూడలేక కళ్ళు మూసుకున్నాడు.

హనుమంతు చేను గట్టు దాకా వచ్చి ఆగిపోయాడు. "నేను రాలేనమ్మా" అని దూరంగానే నిలబడ్డాడు. మధ్యాహ్నపు ఎండ తెల్లగా కాస్తోంది. గాలి లేదు. ఒక పిట్టైనా అరవలేదు. మొదటి బోరు మీది నల్లరాతి పలక మీద చెయ్యి పెడితే కాలాలి, కానీ చల్లగా ఉంది.

రాహేలు మోకాళ్ళ మీద కూర్చుని గరాటును పలక మీద బోర్లించింది. గొట్టం చెవిలో పెట్టుకుంది. చిన్న రాయి తీసుకుని మూడుసార్లు తట్టింది.

కొంతసేపు ఏమీ లేదు.

"వచ్చింది" అంది. "మూడు. సమానంగా ఉండాయి."

"అదే. పోదాం రా" అన్నాడు కరుణాకర్. ఆమె చెయ్యెత్తి ఆగమంది. ఆమె మొహంలో రంగు పోయింది. గొట్టాన్ని చెవికి ఇంకా గట్టిగా అదుముకుంది.

"ఇంకోటి వస్తాండాది."

అతను వంగి ఆమె చెంపకు చెంప ఆనించాడు. గొట్టంలోంచి సన్నగా అతనికీ వినబడింది.

టక్ టక్... టక్.

ఆ గట్టు దగ్గర కాదు. మదనపల్లెలో మట్టి కింద కాదు. ఇక్కడ, ఈ పలక కింద.

రాహేలు ఎప్పుడూ వంటింట్లోంచి అడిగినట్టే అడిగింది. "గాజు సర్దుకున్నావా తల్లీ?"

టక్.

"రాహేలూ, లెయ్యి. అది అబద్ధం చెప్తాది. నాకూ అట్లే చెప్పింది."

ఆమె అతని మాట వినిపించుకోలేదు. పలక మీదికి ఇంకా వంగి, నిద్రపోయే బిడ్డను లేపకుండా మాట్లాడినట్టు మెల్లగా అడిగింది.

"ఒక్కదానివే ఉండావా అమ్మా?"

టక్... టక్.

"ఎంతమంది ఉండారు నీతో?"

నిశ్శబ్దం. చాలాసేపు. కరుణాకర్ ఆమె భుజం పట్టుకుని లేపబోయాడు. అప్పుడు మొదలైంది. ఒకటి. ఇంకొకటి. ఇంకొకటి. తొందర లేకుండా, ఒక్కోటి ఒక్కో రకంగా. కొన్ని బరువుగా, కొన్ని ముసలివాళ్ళు తట్టినట్టు ఆగి ఆగి, కొన్ని మరీ చిన్న చేతులవి. రాహేలు నాడి చూసేటప్పుడు లెక్కపెట్టినట్టు వేలి కణుపుల మీద లెక్కపెట్టసాగింది. కుడిచెయ్యి అయిపోయింది. ఎడమచెయ్యి అయిపోయింది.

"పోదాం రా" అన్నాడు కరుణాకర్. అతనికి ఏడుపు వచ్చేస్తోంది.

"లెక్క కానియ్యి."

నీడలు సాగాయి. గట్టు మీద హనుమంతు ఎప్పుడు వెళ్ళిపోయాడో వెళ్ళిపోయాడు. పొద్దు వాలే వేళకు రాహేలు ఎక్కడో లెక్క తప్పింది. ఒక్క క్షణం ఆగి, మళ్ళీ మొదటి వేలినుంచి మొదలుపెట్టింది. కింద మాత్రం ఆగలేదు.